నలుగురు కడితే మూడు గంటలేనా?

"ఒక పనిని ఒకరు 12 గంటల్లో చేస్తే, నలుగురు ఎన్ని గంటల్లో చేస్తారు?" ఈ లెక్క అడిగితే మా తరగతిలో అందరం ఒక్క గొంతుతో "మూడు గంటలు" అంటాం. మనుషులు పెరిగితే కాలం తగ్గుతుంది, కాబట్టి విలోమానుపాతం. పూర్తి మార్కులు. నేనూ అలాగే తెచ్చుకున్నాను. ఆ లెక్కే మా అమ్మకు నష్టం తెచ్చింది.

మాది హోసూరు. ఇక్కడ చుట్టుపక్కల పూలతోటలు ఎక్కువ. మా అమ్మ ఇంట్లోనే మల్లెపూలు కట్టి మూరల లెక్కన కూలీ తీసుకుంటుంది. గంటకు 10 మూరలు కడుతుంది. పోయిన పెళ్ళిళ్ళ కాలంలో ఒకాయన సాయంత్రం ఆరు గంటలకు పూలు తెచ్చి 120 మూరలు కట్టమన్నాడు. "ఎన్ని గంటలకు అవుతుందిరా?" అని అమ్మ నన్నే అడిగింది. ఆమె ఒక్కతే అయితే 12 గంటలు. అమ్మ, పిన్ని, నేను, చెల్లి, మొత్తం నలుగురం. "తొమ్మిదికల్లా అయిపోతుందమ్మా" అన్నాను. అమ్మ ఆయనకు ఆ మాటే ఇచ్చింది.

తొమ్మిదికి 84 మూరలే అయ్యాయి. పిన్ని అమ్మలాగే 10 కడుతుంది. నేను 5, చెల్లి 3. గంటకు మొత్తం 28. అంటే 120 మూరలకు సుమారు 4 గంటల 17 నిమిషాలు కావాలి. ఆయన మిగతా పూలు విడిగానే తీసుకుపోయాడు. 36 మూరల కూలీ పోయింది. ఆలస్యమని ఇచ్చినదాంట్లోనూ కోత పెట్టాడు. "చదువుకున్నోడు చెప్పినాడని నమ్మితిని" అంది అమ్మ.

తప్పు అనుపాతానిది కాదు. 28 అని తెలిశాక సరైన జవాబు చెప్పింది కూడా అనుపాతమే. అందరి వేగం ఒకటేనా అని అడగకుండా అడ్డగుణకారానికి దూకడమే తప్పు. మనకు నేర్పుతున్నది ఆ దూకుడే. ఇడ్లీలు ఆవిరికి పది నిమిషాల్లో ఉడుకుతాయి. నలుగురు పొయ్యి ముందు నిలబడితే రెండున్నర నిమిషాల్లో ఉడుకుతాయా? ఇక్కడ అనులోమమూ లేదు, విలోమమూ లేదు. అయినా "ఈ లెక్కకు ఆ సూత్రం సరిపోదు" అని రాసే ధైర్యం మనలో ఎంతమందికి ఉంది?

"పరీక్షలో అంత ఆలోచిస్తే టైము చాలదు, లెక్క వేరు, బతుకు వేరు" అంటారు కొందరు. నేను ఒప్పుకోను. బతుకు వేరైతే లెక్కలో పూలు, కూలీలు, గోడలు, నీళ్ళ ట్యాంకులు ఎందుకు పెట్టారు?

అయ్యవార్లకు నాది ఒకటే మనవి. ప్రతి కాలం-పని లెక్కకూ ముందు మమ్మల్ని మూడు ప్రశ్నలు అడగనివ్వండి. అందరి వేగం ఒకటేనా? ఆ వేగం చివరిదాకా నిలుస్తుందా? మనుషులు పెరిగితే కాలం నిజంగా తగ్గే పనేనా ఇది? ఆ మూడు జవాబులు రాసినవాళ్ళకు ఒక మార్కు ఇవ్వండి. ఆ ఒక్క మార్కు నాకు ముందే దొరికి ఉంటే, మా అమ్మ కూలీ పోయేది కాదు.