కరుణ పేరిట ద్వేషమా?

1992లో వివాహానంతరం సినిమాలను విడిచిన అమల అక్కినేని, అదే ఏడాది హైదరాబాదులో బ్లూక్రాస్‌ను స్థాపించారు. గాయపడిన మూగజీవాలకు చేసే ఆ సేవను మేము మనసారా గౌరవిస్తాము. దప్పికగొన్న కుక్కకు నీళ్లిచ్చిన స్త్రీని అల్లాహ్ క్షమించాడన్న హదీసు మన ఇళ్లలో పిల్లలకు సైతం తెలిసినదే.

ఫ్రాన్సు నటి బ్రిజిత్ బార్డో తీరు వేరు. 1973లో నటన మాని, 1986లో జంతు సంక్షేమ సంస్థను నెలకొల్పిన ఆమె, ఖుర్బానీని ఖండించే నెపంతో ముస్లిములనే దూషించారు. జాతిద్వేషాన్ని రెచ్చగొట్టినందుకు 2008లో పారిస్ న్యాయస్థానం ఆమెకు 15,000 యూరోల జరిమానా విధించింది.

అంత దూరపు మాట ఇక్కడెందుకంటే, ఆ నెపమే నేడు కరీంనగర్, ఆదిలాబాద్ రహదారుల మీదికి వచ్చింది. బక్రీద్ సమీపించగానే పశువుల బండిని ఆపి కాగితాలు అడిగేది ఎవరు? ఏ అధికారమూ లేని యువకులు! గోవధ నిషేధ చట్టం 1977 నుండి ఉన్నది. దానిని అమలుపరచవలసినది ప్రభుత్వం. సంతలో ముసలి ఎద్దును అమ్మిన రైతును ఎవరూ నిలదీయరు (నిలదీయాలని మేము కోరడమూ లేదు), కొన్న ఖురేషీ సోదరుడే దోషి అవుతున్నాడు. తనిఖీ పోలీసులే చేయాలి. సంత రశీదు, పశువైద్యుని ధ్రువపత్రం ఉన్న బండిని వదలాలి. పండుగకు ముందే ఈ మేరకు ఉత్తర్వులివ్వాలని ఉభయ జిల్లాల కలెక్టర్లను డిమాండ్ చేస్తున్నాము.