స్థాపకుడెవరన్నది ఒక్కటే ప్రశ్నా?

ఆంగ్లేయులు అడుగుపెట్టి రెండు వందల ఏళ్ళు నిండిన సందర్భాన, 2019 జనవరిలో, సింగపూర్ నదీతీరాన రాఫెల్స్ విగ్రహానికి తోడుగా మరో నాలుగు ప్రతిమలు నిలిపారు: సాంగ్ నీల ఉత్తమ, తాన్ టాక్ సెంగ్, మున్షీ అబ్దుల్లా, నారాయణ పిళ్ళై. ఆ వరుసలో విలియం ఫార్కర్‌కు చోటు దక్కలేదు. నాడియా రైట్ 2017లో వెలువరించిన 'విలియం ఫార్కర్ అండ్ సింగపూర్: స్టెపింగ్ అవుట్ ఫ్రమ్ రాఫెల్స్ షాడో' ఇటువంటి మరపు మీద దాఖలైన అభియోగపత్రం.

ఆ అభియోగంలో పస ఉంది. 1774లో స్కాట్లాండులో పుట్టిన ఫార్కర్ మద్రాసు ఇంజనీర్ల దళంలో చేరాడు. 1795లో మలక్కాను పట్టుకున్న దండయాత్రలో పాల్గొని, 1803 నుండి 1818 వరకు అక్కడ రెసిడెంటుగా ఉన్నాడు. 1819 ఫిబ్రవరి 6న సింగపూర్ ఒప్పందం ముగియగానే, మరునాడే రాఫెల్స్ ఓడ ఎక్కాడు. మూడు విడతలూ కలిపినా ఆయన ఇక్కడ గడిపిన కాలం ఏడాది నిండదు. అడవి కొట్టించి, మలక్కా వర్తకులను రప్పించి, 1823 మే వరకు ఊరిని నిలబెట్టినవాడు ఫార్కర్. 1824 జనవరి నాటికి జనాభా 10,683. పథకం రచించినవాడే కర్త, అమలుపరచినవాడు వట్టి సేవకుడు అనే రాఫెల్స్ భక్తుల వాదన ఈ లెక్కల ముందు నిలవదు.

అయితే అన్యాయం జరిగినవాడు అంతమాత్రాన నిర్దోషి కాడు. ఓడరేవులో సుంకాలు ఉండరాదని రాఫెల్స్ ఆజ్ఞ. మరి పాలనకు సొమ్మెక్కడిది? 1820లో ఫార్కర్ నల్లమందు, సారా, జూదశాలల హక్కులను గుత్తకిచ్చాడు. గత్యంతరం లేదని ఆయన అభిమానులంటారు. సారా వేలంపాటలతో ఖజానా నింపుకున్న ప్రభుత్వాన్ని, దానిపై 1992లో దూబగుంట స్త్రీలు రేపిన తిరుగుబాటును ఎరిగిన తెలుగు పాఠకుడికి ఈ సాకు కొత్త కాదు. వర్తకుడికి మాఫీ అయిన సుంకం కూలివాడి గొట్టంలో పొగై వసూలైంది. సుంకం వద్దన్న రాఫెల్స్‌కూ, గుత్తకిచ్చిన ఫార్కర్‌కూ ఇందులో సమాన భాగమే.

1823లో రాఫెల్స్ జూదాన్ని నిషేధించాడు. నల్లమందు గుత్త మాత్రం ఇద్దరూ వెళ్ళిపోయాక కూడా సాగింది. 1910లో ఆ వ్యాపారాన్ని ప్రభుత్వమే చేతిలోకి తీసుకుంది. అందుకే రాఫెల్స్ పీఠం మీద ఫార్కర్‌ను కూర్చోబెడితే చాలుననుకోవడం పొరపాటు. పెర్త్‌లోని ఫార్కర్ సమాధిఫలకం సింగపూర్ స్థాపకుడు ఆయనేనని చెబుతుంది. ఆ మాటకు ఎంత న్యాయముందో తేల్చడానికి రైట్ గ్రంథం చదవవలసిందే. కాని చదివి ముగించాక పాఠకుడు మరో పేరు కూడా గుర్తుంచుకోవాలి. 1906లో సహవైద్యుడు యిన్ సువాట్ చువాన్‌తో కలసి నల్లమందు బాధితులకు ఆశ్రయం తెరచిన వైద్యుడు లిమ్ బూన్ కెంగ్. స్థాపకులు రాసిన అప్పు ఎవరి దేహాల మీద పడిందో ఆ ఆశ్రయంలోని మంచాలకు తెలుసు.