కొనకముందు కనిపెట్టి చూడండి



మొన్నటి కందుల కాలంలో జరిగిన సంగతి ఇది. ఆదివారం ఆరాధన ముగిసి సంఘమంతా ఇళ్లకు వెళ్లిపోయిన తరువాత ఒక తల్లి, ఆమె కుమారుడు వేపచెట్టు క్రింద నిలబడి నా కోసం చూస్తున్నారు. తల్లి ముఖంలో కోపం ఉంది. కుమారుని చేతిలో ఫోను ఉంది.

"అయ్యగారూ, వీడికి మీరన్నా చెప్పండి. కందులమ్మిన డబ్బు నలభై వేలు తీసుకుపోయి షేర్లలో పెడతానంటున్నాడు. జూన్ నెలలో పిల్ల నర్సింగు ఫీజు ఎవరు కడతారు?" అని ఆమె అడిగింది.

"రెండు నెలల్లో రెట్టింపు చేసి ఇస్తానని చెబుతున్నా గదయ్యగారూ" అన్నాడు అతను.

ఫోను తెరిచి చూపించాడు. అందులో 32 కంపెనీల పేర్లు వరుసగా ఉన్నాయి. దానిని వాచ్ లిస్ట్ అంటారట. ఒక్కొక్క పేరు ప్రక్కన పచ్చరంగు, ఎర్రరంగు అంకెలు క్షణక్షణానికి మారిపోతున్నాయి. మొదటి పేరు మీద వేలు పెట్టి, "ఈ కంపెనీ ఏమి చేస్తుంది నాయనా?" అని అడిగాను. తెలియదన్నాడు. రెండవది అడిగాను. అదీ తెలియదు. ఏడు పేర్లు అడిగితే ఒక్కదానికి జవాబు వచ్చింది, సిమెంటు అని. ఈ పేర్లు ఎక్కడివంటే, ఎవరో నడిపే గ్రూపులో రోజూ ఉదయాన్నే ఫోనుకు వస్తాయని చెప్పాడు.

ఆ అబ్బాయిని గద్దించడానికి నాకు నోరు రాలేదు. కారణం చెబుతాను. 2008లో, డిప్లొమా ముగించి నేను సేవకు వచ్చిన కొత్తలో, ఒక స్నేహితుని మాట మీద పన్నెండు వేల రూపాయలు పెట్టి ఒక చిన్న కంపెనీ షేర్లు కొన్నాను. అది ఏమి తయారు చేస్తుందో నాకూ తెలియదు. షేరు తొమ్మిది రూపాయలే గనుక చవక అనుకున్నాను. తొమ్మిది రూపాయలు రెండయింది. ఆ తరువాత అమ్ముదామన్నా కొనేవాడు లేడు. ఆ డబ్బు నా భార్య కుట్టుమిషను మీద సంపాదించి దాచుకున్నది. ఆమెతో చెప్పడానికి నాకు ఏడు నెలలు పట్టింది. డబ్బు పోయినందుకంటే నేను దాచినందుకే ఆమె ఎక్కువ బాధపడింది. ఇటువంటి బాధ మరొక ఇంటికి రాకూడదని ఈ నెల ఈ మాటలు వ్రాస్తున్నాను.

షేరు కొనడం జూదమా అని చాలామంది విశ్వాసులు నన్ను అడుగుతుంటారు. షేరు అంటే ఒక వ్యాపారంలో చిన్న భాగం. నలుగురు కలిసి ఒక ట్రాక్టరు కొంటే అందులో మీ వాటా ఎలాంటిదో ఇదీ అలాంటిదే. దానిని జూదంగా మార్చేది మన పద్ధతి. ఫ్యూచర్స్, ఆప్షన్స్ అనే బేరాలు ఉన్నాయి. సెబీ, అంటే షేర్ల బజారుకు కావలి ఉండే సంస్థ, 2024 సెప్టెంబరులో ఒక లెక్క ప్రకటించింది. మార్చి 2024తో ముగిసిన మూడు సంవత్సరాలలో ఈ బేరాలు ఆడిన కోటిమందికి పైగా చిన్నవారిలో నూటికి 93 మంది నష్టపోయారు. సగటున ఒక్కొక్కరికి సుమారు 2 లక్షల రూపాయలు పోయాయి. మన కష్టార్జితంతో ఆ వైపు వెళ్లవద్దు. ఈ వ్యాసం దాని గురించి కాదు.

మన ఊళ్లలో గేదెను ఎలా కొంటారో ఒకసారి గుర్తు చేసుకోండి. దళారి ఎంత పొగిడినా వెంటనే డబ్బు ఇవ్వము. పళ్లు చూస్తాము, పొదుగు చూస్తాము, ఎన్నో ఈతో అడుగుతాము. సాయంత్రం ఒక పూట, మరునాటి ఉదయం ఒక పూట దగ్గర కూర్చుని పాలు పిండించి చూస్తాము. అప్పుడే బేరం. కంపెనీని అలాగే రెండు మూడు పూటలు పిండించి చూడడానికి పెట్టుకునే పుస్తకమే వాచ్ లిస్ట్. అది కొనవలసిన వాటి పట్టీ కాదు. కనిపెట్టి చూడవలసిన వాటి పట్టీ. దానికి ఒక్క రూపాయి ఖర్చు లేదు.

అయితే పుస్తకం తెరిచేముందు ఇంటి లెక్క చూసుకోండి. గోపురం కట్టదలచినవాడు ముందు కూర్చుని ఖర్చు లెక్క చూసుకోవాలని ప్రభువు చెప్పిన ఉపమానం మనకు తెలిసినదే. మీకు నూటికి రెండు రూపాయల వడ్డీ అప్పు ఉన్నదనుకోండి. ఏడాదికి అది నూటికి 24 అవుతుంది. ఏడాది వెంట ఏడాది 24 శాతం తప్పక ఇచ్చే షేరు లోకంలో లేదు. కనుక ముందు ఆ అప్పు తీర్చండి. తరువాత ఆరు నెలల ఇంటి ఖర్చు బ్యాంకులో ఉంచండి. ఫీజుకు, పెళ్లికి, ఆపరేషనుకు, విత్తనాలకు పెట్టుకున్న డబ్బు ఎప్పుడూ షేర్లకు కాదు. అయిదేళ్లపాటు దాని వైపు చూడనవసరం లేని డబ్బు మిగిలితే, అదే దీనికి తగినది.

ఇక పేర్లు ఎక్కడ దొరుకుతాయి? ఫోను గ్రూపులో వెతకవద్దు. మీ ఇల్లు, మీ పొలం ఒకసారి తిరిగి చూడండి. గ్రోమోర్ ఎరువు బస్తా కనబడుతుంది. అది సికింద్రాబాదు కేంద్రంగా ఉన్న కోరమాండల్ ఇంటర్నేషనల్ వారిది. బండికి వేసిన అమరాన్ బ్యాటరీ తిరుపతి దగ్గర పుట్టిన అమరరాజా వారిది. 1985లో మొదలైన ఆ సంస్థ పేరు ఇప్పుడు అమరరాజా ఎనర్జీ అండ్ మొబిలిటీ. మందుల షాపులో డాక్టర్ రెడ్డీస్ బిళ్లలు ఉంటాయి. తాడేపల్లి పసుపు రైతు కుమారుడైన కల్లం అంజిరెడ్డిగారు 1984లో దానిని స్థాపించారు. వాకిట్లో స్ప్లెండర్ బండి హీరో మోటోకార్ప్ వారిది. కొన్ని కంటికి కనబడవు. హైదరాబాదులోని దివీస్ ల్యాబొరేటరీస్ ఇతర మందుల కంపెనీలకు కావలసిన ముడిమందు చేస్తుంది గనుక దుకాణంలో దాని పేరు ఉండదు. మనకు ఇష్టమైనవన్నీ బజారులో షేర్లుగా దొరకవని కూడా తెలుసుకోండి. అమూల్ సహకార సంఘాలది, దానికి షేర్ల బజారులో చోటు లేదు.

వీటిని కొనమని నేను చెప్పడం లేదు. పేర్లు ఎలా ఏరుకోవాలో చూపిస్తున్నాను. పేరు తెలిసినంత మాత్రాన కొనడానికి అది కారణం కాదు. పది పేర్లు చాలు. అన్నీ ఒకే పంట కాకుండా, ఎరువు ఒకటి, మందు ఒకటి, బ్యాంకు ఒకటి, బండ్లు ఒకటి, ఇంటి సరుకులు ఒకటి, ఇలా ఉండాలి. అంతా మిర్చి వేసినవాడు మిర్చి పడిపోయిన ఏడు ఏమవుతాడో మనకు ఎవరూ చెప్పనక్కరలేదు.

ఇప్పుడు ఒక నోటుపుస్తకం తీసుకుని ఒక్కొక్క కంపెనీకి ఒక్కొక్క పేజీ కేటాయించండి. పేజీలో ఆరు సంగతులు వ్రాయాలి.

ఒకటి, అది ఏమి అమ్ముతుంది, ఎవరికి అమ్ముతుంది. రెండు వాక్యాలలో వ్రాయలేకపోతే ఆ పేజీ చింపివేయండి.

రెండు, గత అయిదు సంవత్సరాల అమ్మకాలు, లాభం. ఒక్క సంవత్సరం చూస్తే మోసపోతాము. వానలు బాగా పడిన ఏడు ఏ చేనైనా పచ్చగానే కనబడుతుంది.

మూడు, అప్పు ఎంత. లాభమంతా వడ్డీకే పోతున్నదా చూడండి.

నాలుగు, కంపెనీని నడిపే యజమానుల వాటా ఎంత, అందులో తాకట్టు పెట్టినది ఎంత. ఈ వరుస మన రాష్ట్రపు గాయం నుండి వచ్చింది గనుక కొంచెం వివరంగా చెబుతాను. సత్యం కంప్యూటర్స్ 1987లో హైదరాబాదులో మొదలైంది. మన పిల్లలకు అక్కడ ఉద్యోగం వస్తే ఊరంతా మిఠాయిలు పంచిన రోజులుండేవి. 2008లో మంచి పరిపాలనకు దానికి బహుమతి కూడా వచ్చింది. 2009 జనవరి 7న దాని ఛైర్మన్ రామలింగరాజుగారే లెక్కలు తప్పని లేఖ వ్రాశారు. పుస్తకాలలో చూపిన నగదులో 5,040 కోట్లు అసలు లేనే లేవు. ముందురోజు 179 రూపాయల దగ్గర ఉన్న షేరు ఆ సాయంత్రానికి 40కి దిగువకు వచ్చింది. 2015 ఏప్రిల్‌లో హైదరాబాదు కోర్టు పదిమందికి ఏడేళ్ల జైలుశిక్ష విధించింది. అమ్మకాలు, లాభాలు మాత్రమే చూసినవారికి ఆ కంపెనీ చక్కగానే కనిపించింది. కానీ యజమానుల వాటా తగ్గుతూ తగ్గుతూ పది శాతం కన్నా దిగువకు వచ్చింది. ఆ మిగిలినది కూడా తాకట్టులో ఉన్న సంగతి చివరి దినాలలో గానీ లోకానికి తెలియలేదు. సొంత పొలాన్ని కొంచెం కొంచెంగా అమ్ముకుంటూ, మిగిలినది తాకట్టు పెట్టి, పంట బ్రహ్మాండమని చెప్పేవాణ్ణి మనము నమ్ముతామా? ఆ నెలలోనే సెబీ తాకట్టు వివరాలు తప్పక బయటపెట్టాలని నియమించింది. ఇప్పుడు ఆ వివరం ప్రతి మూడు నెలలకు ఎవరైనా చూడవచ్చు. చూడకపోతే తప్పు మనదే.

అయిదు, ధర. నేను చేసిన తప్పు ఇక్కడే. తొమ్మిది రూపాయల షేరు చవక, తొమ్మిది వందల షేరు ప్రియం అనుకున్నాను. తొమ్మిది రూపాయల షేర్లు వంద కోట్లు ఉంటే ఆ కంపెనీ మొత్తం ధర 900 కోట్లు. తొమ్మిది వందల షేర్లు పది లక్షలే ఉంటే దాని ధర 90 కోట్లు. ఏది చవక? అందుకే ఒక షేరుకు ఏడాదికి వచ్చే లాభంతో ధరను భాగించాలి. లాభం 10 రూపాయలు, ధర 200 అయితే 20 వస్తుంది. దీనిని పి.ఇ. అంటారు. పొలానికి కూడా మనము ఇదే లెక్క వేస్తాము. ఎకరం పది లక్షలు, కౌలు ఇరవై వేలు అయితే, పెట్టిన డబ్బు రావడానికి యాభై ఏళ్లు. ఆ అంకెను అదే వ్యాపారంలోని మరొక కంపెనీతో పోల్చి చూడండి.

ఆరు, ఈ పేరును ఎందుకు వ్రాసుకున్నాను, ఏమి జరిగితే కొట్టివేస్తాను. ఇది అన్నిటికంటే ముఖ్యము. ఎల్.ఐ.సి. సంగతి చూడండి. 2022 మేలో షేరు 949 రూపాయలకు ఇచ్చారు. పాలసీదారులకు 60 రూపాయలు తగ్గించారు. పల్లెల్లో కూడా చాలామంది దానికోసమే మొదటిసారి డీమ్యాట్ ఖాతా తెరిచారు. 17వ తేదీన బజారులోకి వచ్చిన మొదటి దినమే ధర ఇచ్చిన దానికంటే తగ్గింది. మరుసటి సంవత్సరం ఆరువందల లోపుకు దిగింది. 2024లో వెయ్యి దాటింది. ఎందుకు కొన్నామో వ్రాసుకున్నవారు నిదానంగా ఆలోచించగలిగారు. ఎవరో చెబితే కొన్నవారు భయపడి తక్కువలో అమ్ముకున్నారు.

ఈ వివరాలన్నీ కంపెనీ వార్షిక నివేదికలోను, బొంబాయి స్టాక్ ఎక్స్ఛేంజీ వెబ్‌సైటులోను ఉచితంగా ఉంటాయి. మూడు నెలలు ముగిసిన 45 రోజులలోగా కంపెనీ తన ఫలితాలు ప్రకటించాలి. సంవత్సరపు లెక్కకు 60 రోజులు. ఏడాదికి నాలుగుసార్లు పుస్తకం తెరవండి, ధర నెలకు ఒకసారి వ్రాయండి. రోజూ చూస్తే మనసు పాడవుతుంది. నాలుగు ఫలితాలు, అంటే నాలుగు పూటల పాలు చూసిన తరువాతనే కొనడం గురించి ఆలోచించండి. డబ్బు తీసుకుని సలహా చెబుతామనేవారు సెబీలో నమోదు అయినవారో కాదో దాని వెబ్‌సైటులో చూడండి.

మరొక మాట. పొదిలి, కనిగిరి వేలం కేంద్రాలకు పొగాకు తోలే రైతులు మన సంఘాలలో ఉన్నారు. సిగరెట్లు అమ్మే కంపెనీ పేరు మీ పుస్తకంలో ఉండవచ్చునా? నేను వ్రాయలేదు. రైతును నేను తప్పుపట్టను, తీర్పు తీర్చను. ప్రతి ఇంట్లో భార్యాభర్తలు కూర్చుని తమ మనస్సాక్షిని బట్టి తేల్చుకోవలసిన సంగతి అది.

ఆ అబ్బాయి విషయం చెప్పి ముగిస్తాను. 32 పేర్లు తీసివేసి పది పేర్లతో పుస్తకం మొదలుపెట్టాడు. తల్లికి చదువు రాదు గనుక రాత్రిపూట చదివి వినిపిస్తాడు. ఆమె అడిగే మొదటి ప్రశ్న ఎప్పుడూ ఒక్కటే: "వీళ్లకు అప్పెంతరా?" ఆ ప్రశ్నకే మూడు పేర్లు పోయాయి. జూన్‌లో ఫీజు కట్టారు. మొన్న కలిసినప్పుడు, "పుస్తకంలో ఉన్న ఒక షేరు ఈలోగా బాగా పెరిగిందయ్యగారూ, ఆ రోజు కొనుంటే బాగుండేది" అని కొంచెం నొచ్చుకున్నాడు. నిజమే, ఆగినందుకు అప్పుడప్పుడు కొంత వదులుకోవలసి వస్తుంది. "రెండు ఫలితాలు చూశావు, ఇంకా రెండున్నాయి. బజారు ఎక్కడికీ పోదు నాయనా" అని చెప్పాను.

ప్రక్కనున్న తల్లి మాత్రం నవ్వుతూ, "పోయిందేముందిలే అయ్యగారూ, పిల్ల కాలేజీలో ఉంది" అన్నది.

ప్రియులారా, మీరు కూడా ఈ నెలలో ఒక నోటుపుస్తకం కొనండి. ఏమి వ్రాసినా ఇంట్లో అందరికీ వినబడేటట్లు చదవండి. భార్యకు చెప్పలేని షేరు ఏదీ కొనవద్దు. ఆ మాట నేను ఏడు నెలలు ఆలస్యంగా నేర్చుకున్నాను.

మీ సహోదరుడు,
దొనకొండ నుండి