టీములో కూడా రిజర్వేషన్ పెడతారా అనే పెద్దమనుషులకు

సంగారెడ్డి చాయ్ హోటళ్ళలో, బడుల స్టాఫ్ రూముల్లో, పటాన్‌చెరు కంపెనీల గేట్ల కాడ ఒక మాట తిరుగుతనే ఉంది. 1990లో మండల్ గొడవలప్పుడు మొదలైన మాట, ఇప్పటికీ చావలేదు. "రిజర్వేషన్లు అంత మంచివైతే ఇండియా టీములో కూడా పెట్టుండ్రి. ఎన్ని మ్యాచులు గెలుస్తరో చూద్దాం!" ఈ మాట అని, చాయ్ గ్లాసు కింద పెట్టి, ఇగ దీనికి జవాబు లేదన్నట్టు నవ్వుతరు. మనోళ్ళల్ల కొందరు తల దించుకుంటరు.

ఎందుకు దించుకోవాలె? జవాబు ఉన్నది. అయ్యా, మీరు ఆటను సాక్ష్యం అడిగారు. మేం ఆటనే సాక్ష్యానికి పిలుస్తున్నాం.

మొదట ఒక నల్లజాతి డిఫెండర్ సంగతి. డిఫెండర్ అంటే గోలు కొట్టి పేరు తెచ్చుకునేవాడు కాదు, గోలు పడకుండా వెనక కావలి కాసేవాడు. పేరు డెన్నిస్ లారెన్స్. దేశం వెస్టిండీస్ దీవుల్లోని ట్రినిడాడ్-టొబాగో. జనాభా దాదాపు 13 లక్షలు, మన పాత మెదక్ జిల్లాలో సగం కూడా లేదు. ఆఫ్రికా నుంచి బానిసలుగా పట్టుకొచ్చిన జనం, 1845 నుంచి 1917 దాకా చెరుకు తోటల చాకిరీకి ఓడల్లో తీసుకుపోయిన ఇండియా కూలీలు - వీళ్ళ సంతతి దేశం అది. మద్రాసు రేవు నుంచి పోయిన ఓడల్లో మన తెలుగు కూలీలు కూడా ఉన్నారు.

లారెన్స్ ఆ దేశపు సైన్యం టీము 'డిఫెన్స్ ఫోర్స్'లో ఆడాడు. 2001లో, 26 ఏండ్ల వయసులో, వేల్స్‌లోని రెక్స్‌హామ్ క్లబ్బుకు పోయాడు. అదేం గొప్ప క్లబ్బు కాదు. 2005లో నాలుగో మెట్టు లీగులోకి జారిపోయింది. ఆ ఏడాదే నవంబర్ 16న బహ్రెయిన్ రాజధాని మనామాలో, ఆరడుగుల ఏడంగుళాల ఈ మనిషి కార్నర్ నుంచి వచ్చిన బంతిని తలతో గోల్లోకి కొట్టాడు. ఆ ఒక్క గోలుతో ట్రినిడాడ్ మొట్టమొదటిసారి ప్రపంచ కప్పుకు పోయింది. అంత చిన్న దేశం అంతకుముందు ఎన్నడూ ప్రపంచ కప్పు గడప తొక్కలేదు. 2006 జూన్ 10న జర్మనీలో స్వీడన్‌కు ఒక్క గోలు కూడా దక్కనియ్యని వెనక వరుసలో ఆయన నిలబడ్డాడు. 2017 అక్టోబర్‌లో ట్రినిడాడ్ 2-1తో అమెరికాను ఓడించి, ప్రపంచ కప్పుకు పోకుండా ఆపింది. అప్పుడు ట్రినిడాడ్ కోచ్ ఆయనే.

బయటి క్లబ్బు ఆయనను తీసుకునేసరికి 26 ఏండ్లు. అప్పటిదాకా ఆట మానకుండా నిలబడాలంటే ఏం కావాలె? ఒక టీము కావాలె, ఒక మైదానం కావాలె. సర్కారు నడిపిన టీము ఉంది కాబట్టి ఆయన ఉన్నాడు. మెరిట్ ఆకాశం నుంచి ఊడిపడలేదు.

దూరపు ముచ్చట అంటరా? అయితే హైదరాబాద్ ముచ్చట వినుండ్రి.

సయ్యద్ అబ్దుల్ రహీమ్ బడిపంతులు. మా వృత్తివాడు. ఆయన 1950లో హైదరాబాద్ సిటీ పోలీసు ఫుట్‌బాల్ టీముకు కోచ్ అయ్యాడు. పోరగాళ్ళకు పోలీసు కొలువు, పొద్దున్నే మైదానం. ఆ టీము 1950 నుంచి 1954 దాకా వరుసగా ఐదేండ్లు బొంబాయిలో రోవర్స్ కప్పు గెలిచింది. రహీమ్ కోచ్‌గా ఇండియా 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానానికి పోయింది. 1962లో జకార్తా ఆసియా క్రీడల్లో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి బంగారు పతకం తెచ్చింది. ఆ రెండు టీముల్లోనూ ఉన్నవాడు తులసీదాస్ బలరామ్, సికింద్రాబాద్ దగ్గరి అమ్ముగూడ పేదింటి బిడ్డ. శిక్షణకు రావడానికి సైకిలు కిరాయి రహీమ్ ఇచ్చాడు. చెప్పులు కుట్టే చెయ్యి పాత పోలీసు బూట్లతో అతనికి ఆట బూట్లు చేసి పెట్టింది. ఆ చెయ్యి ఎవరిదో మనకు ఎవరూ చెప్పనక్కర లేదు.

బలరామ్ కలకత్తా ఈస్ట్ బెంగాల్ క్లబ్బుకు పోయి పేరు తెచ్చుకున్నాడు. 1960 రోమ్ ఒలింపిక్స్‌లో హంగరీ మీదా, పెరూ మీదా గోలు కొట్టాడు. ఊపిరితిత్తుల జబ్బుతో 1963లోనే ఆట మానేశాడు. 2023 ఫిబ్రవరి 16న కలకత్తాలో కన్నుమూశాడు. ఆయనతో కలిసి ఆడిన చునీ గోస్వామికి, పి.కె. బెనర్జీకి పద్మశ్రీ వచ్చింది. బలరామ్‌కు చచ్చేదాకా రాలేదు. హైదరాబాద్‌లో పుట్టిన డిఫెండర్ సయ్యద్ నయీముద్దీన్ కూడా కలకత్తా క్లబ్బులకు పోయినవాడే. 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో ఇండియా కెప్టెన్ ఆయనే. కంచు పతకం తెచ్చాడు. ఆ తర్వాత ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో ఇండియాకు పతకం లేదు.

ఆటగాడికి కొలువు ఇచ్చి ఆడించడాన్ని ఏమంటరు? స్పోర్ట్స్ కోటా అంటరు. కోటా అంటే తెలుగులో ఏంది? అది పోలీసుకు, రైల్వేకు, బ్యాంకుకు ఉంటే మెరిట్‌కు మైల పడలేదు. దళితుని పేరు రాంగనే మైల పడుతదా?

ఇగ మీకు ఇష్టమైన క్రికెట్‌కే వద్దాం. పల్వాంకర్ బాలూ చర్మకార కులస్థుడు. పూనాలో తెల్లదొరల క్లబ్బు పిచ్ చదును చేసే కూలి. 1911లో ఇండియా టీము ఇంగ్లండ్ పోతే వందకు పైగా వికెట్లు తీశాడు. హిందువుల టీమును ఏండ్ల తరబడి గెలిపించాడు. కెప్టెన్‌ను మాత్రం చెయ్యలేదు. మైదానం బయట వేరే కప్పులో చాయ్ పోశారు. మెరిట్ ఉన్నోని కులం చూసి ఆపినవాళ్ళు ఇప్పుడు మాకు మెరిట్ పాఠం చెప్తరా?

మన జాగకు వద్దాం. 1972లో ఇక్రిశాట్ వచ్చింది, రెండు ఊళ్ళు లేచిపోయాయి. తర్వాత పారిశ్రామికవాడ వచ్చింది. నక్కవాగు రసాయనాల పాలైంది, 1990లో సుప్రీంకోర్టు దాకా కేసు పోయింది. రామచంద్రాపురం బి.హెచ్.ఇ.ఎల్. టౌన్‌షిప్‌లో జీతం, క్వార్టరు, బడి, మైదానం ఒక్కచోట దొరికాయి. రిజర్వేషన్ మీద అక్కడ పర్మనెంటు కొలువు దొరికిన ఇంటి పిల్లలు ఆ మైదానంలో ఆడారు. గోడ ఇవతల, కాంట్రాక్టు కూలీ ఇంటి పిల్ల ఎక్కడ ఆడాలె? మాలవాడ, మాదిగవాడ బడికి మైదానం ఏది? పోరడు కాళ్ళకు బూట్లు లేకుండా కంకర మీద ఉరుకుతుంటే, వానికి మెరిట్ లేదని తీర్పు చెప్పేది ఎవరు?

అవకాశం దొరికితే ఏమైతదో కూడా చూశాం. 2014 మే 25న సాంఘిక సంక్షేమ గురుకుల విద్యార్థులు మాలావత్ పూర్ణ, ఆనంద్ కుమార్ ఎవరెస్ట్ ఎక్కారు. పూర్ణకు అప్పుడు 13 ఏండ్లు. గిరిజన బిడ్డ, దళిత బిడ్డ. ఆ కొండ కొలత మనకోసం ఒక్క అడుగు కూడా తగ్గలేదు. సర్కారు శిక్షణ ఇచ్చింది, బిడ్డలు ఎక్కారు. అంతే.

కాబట్టి సంఘం మిత్రులారా, ఊరూరా ఇవి అడగాలె:

ఒకటి. ప్రతి దళితవాడ బడికి మైదానం. గ్రామసభలో సర్వే నంబరు పెట్టి అడుగుదాం, మాటతో సరిపెడితే లేవొద్దు.

రెండు. 2013 కంపెనీల చట్టం ప్రకారం పెద్ద కంపెనీలు లాభంలో నూటికి 2 రూపాయలు సమాజానికి ఖర్చు పెట్టాలె. గ్రామీణ ఆటల శిక్షణ ఆ జాబితాలోనే ఉంది. పాశమైలారం, బొల్లారం, పటాన్‌చెరు కంపెనీలు ఆ లెక్క మన ముందర పెట్టాలె.

మూడు. మన నేల మీద నడిచే కంపెనీల్లో మన పిల్లలకు పర్మనెంటు కొలువు. ప్రైవేటులోనూ రిజర్వేషన్.

ఈసారి చాయ్ హోటల్లో ఆ మాట ఎవరన్నా అంటే తల దించకండి. గ్లాసు కింద పెట్టి అడగండి: "అన్నా, టీము సంగతి తర్వాత. ముందుగాల మా వాడకు మైదానం ఎప్పుడిస్తరు?"

జై భీమ్!