ఫోరం ఆర్డరూ, పదిహేడేళ్ళ బగ్గూ

మా మందమర్రిలో బాయి పని చేసి రిటైరయిన మనిషి చేతికి గ్రాట్యుటీ, పీఎఫ్ డబ్బులు వచ్చాయని తెలిస్తే చాలు, ఇంటికొచ్చే మొదటి చుట్టం ప్లాట్ల ఏజెంటే. డబ్బు కట్టాక రిజిస్ట్రేషన్ కాకపోతే "కన్స్యూమర్ ఫోరంల కేసెయ్యరాదే" అని అందరూ సలహా ఇస్తారు. వేస్తారు, గెలుస్తారు కూడా. మరి గెలిచాక?

1986 నాటి వినియోగదారుల చట్టంలో దీనికి రెండు సెక్షన్లు ఉండేవి. 25 ప్రకారం ఆర్డరుని కోర్టు డిక్రీ లాగా అమలు చేయించుకోవచ్చు. 27 ప్రకారం ఆర్డరు ఖాతరు చెయ్యని వాడికి నెల నుంచి మూడేళ్ళ దాకా జైలు, లేదా 2 వేల నుంచి 10 వేల దాకా జరిమానా, లేదా రెండూ. సహజంగానే ఈ చట్టం రాజ్యాంగ విరుద్ధమంటూ కేసులు పడ్డాయి. సివిల్ కోర్టులుండగా పక్కన ఇంకో కోర్టు పెట్టే అధికారం పార్లమెంటుకెక్కడిది, ఆ ఫోరానికి ఇన్ని అధికారాలా అని. విశ్వభారతి హౌస్ బిల్డింగ్ సొసైటీ కేసులో 2003 జనవరి 17న సుప్రీంకోర్టు ఈ వాదనలన్నీ కొట్టేసింది. ఇది సివిల్ కోర్టుకి బదులు కాదు, అదనపు దారి మాత్రమే అంది. 25, 27 రెండూ చెల్లుతాయని చెప్పింది.

జైలు మాట నాక్కూడా కొంచెం ఇబ్బందిగానే ఉంటుంది. జిల్లా జడ్జి అర్హత ఉన్న అధ్యక్షుడున్నా, పక్కన కూర్చునే సభ్యులు జడ్జీలు కానక్కర్లేదు కదా. కానీ ఆ భయం లేకపోతే ఆర్డరుకీ, బోగీలో ఇచ్చే కరపత్రానికీ తేడా ఏముంది చెప్పండి?

ఇప్పుడు మనవాళ్ళకి బాగా అర్థమయ్యే భాగం. ఆ తీర్పొచ్చిన రెండు నెలలకే, 2003 మార్చి 15న, చట్టానికి 2002లో చేసిన సవరణ అమల్లోకి వచ్చింది. ఫోరాలకి బలం పెంచుదామని వేసిన ప్యాచ్ అది. అందులో 25వ సెక్షన్ తిరగరాస్తూ, "మధ్యంతర ఆర్డరు" పాటించకపోతే ఆస్తి జప్తు చెయ్యొచ్చు అని రాశారు. ఫైనల్ ఆర్డరు సంగతి మాయం! డబ్బు రావాల్సిన వాళ్ళకి కలెక్టరు ద్వారా వసూలు చేయించుకునే దారి మిగిలింది. రిజిస్ట్రేషన్ చెయ్యమనో, పొజిషన్ ఇవ్వమనో ఆర్డరు తెచ్చుకున్న వాళ్ళకి అదీ లేదు, 27 కింద తిరగడం తప్ప. అంటే కేసు నడుస్తుండగా ఇచ్చిన ఆర్డరుకి పళ్ళున్నాయి, గెలిచాక ఇచ్చినదానికి లేవు. టెస్టింగ్‌లో మొదటి రోజే దొరకాల్సిన బగ్గు ప్రొడక్షన్‌లో పదిహేడేళ్ళు నడిచింది. 2019 చట్టం 2020 జులై 20న అమల్లోకి వచ్చి, 71వ సెక్షన్‌లో "ప్రతి ఆర్డరూ" అని రాసేదాకా.

మరి మధ్యలో గెలిచినవాళ్ళ గతి? పామ్ గ్రోవ్స్ సొసైటీ కేసులో 2025 ఆగస్టు 22న సుప్రీంకోర్టు చెప్పింది: ఆ మధ్య కాలానికి 25వ సెక్షన్‌లో "ఏ ఆర్డరైనా" అని చదువుకోవాలని. కోర్టు చట్టంలో మాట మార్చి చదవొచ్చా అని కొందరు ప్యూరిస్టులు గొణుగుతారు. నా మటుకు నేను కోర్టు వైపే. వినియోగదారుడి కోసం చేసిన చట్టాన్ని వాడి చేతిలోనే చిత్తు కాగితం చెయ్యడం ఏ పార్లమెంటు ఉద్దేశమూ కాదు.

ప్లాట్ల కేసు అసలు ఫోరం పరిధిలోకి రాదనే వాదన కూడా మన దగ్గర బాగానే నడిచింది. హైదరాబాద్‌కి చెందిన నార్నే కన్‌స్ట్రక్షన్స్ కేసులో సుప్రీంకోర్టు 2012లో తేల్చింది: లేఅవుట్ వేసి, రోడ్లూ డ్రైనేజీ ఇస్తామని అమ్మితే అది సేవే.

కొత్త చట్టంలో జరిమానా 25 వేల నుంచి లక్ష దాకా అయింది. పైన కేంద్ర అథారిటీ ఒకటి వచ్చింది. అది హోటళ్ళ సర్వీస్ చార్జి మీద 2022 జులైలో ఇచ్చిన మార్గదర్శకాలకి ఆ అధికారం లేదని సంఘాలు ఢిల్లీ హైకోర్టుకెక్కాయి. 2025 మార్చి 28న సింగిల్ జడ్జి వాళ్ళ పిటిషన్లు కొట్టేశారు. బిల్లు కట్టే మనకి సంతోషమే. కానీ దర్యాప్తూ, తీర్పూ ఒకే గొడుగు కిందుంటే, కోడ్ రాసినవాడే టెస్ట్ చేసినట్టు ఉంటుందన్న అనుమానం నాకు ఇంకా పోలేదు.

మీ ఇళ్ళల్లో, బాపు బీరువాలో, 2003-2020 మధ్య ఫోరం ఇచ్చిన ఆర్డరు పనికిరాదని వదిలేసింది ఏదైనా ఉంటే తీసి ఒకసారి వకీలుకి చూపించండి. గడువు దాటిందో లేదో ఆయన చెప్తాడు.