108 వచ్చేలోగా… ఆ నిమిషాలు మనవే

దసరా రోజుల్లో ప్రొద్దుటూరు అమ్మవారిశాల దగ్గర జనంలో నిలబడ్డారనుకోండి. మీ పక్కనే ఉన్న పెద్దాయన ఉన్నట్టుండి కుప్పకూలాడు. తర్వాత ఏం జరుగుతుందో మనందరికీ తెలుసు. ఒకరు ముఖాన నీళ్లు చల్లుతారు. ఇంకొకరు చేతిలో తాళాలు పెడతారు. ‘గ్యాస్ పట్టేసి ఉంటుంది, సోడా తాపండి’ అని మరొకరి సలహా. నలుగురైదుగురు సెల్‌ఫోన్లు తీస్తారు. ఛాతీ మీద చేతులు పెట్టి నొక్కేవారు మాత్రం అరుదు.

మనవాళ్లకు జాలి లేక కాదు. చేతులు రాకుండా అడ్డుపడేది భయం. ‘పోలీసులు, కోర్టు, సాక్ష్యం… మనకెందుకు?’ అనేది మొదటిది. రోడ్డు ప్రమాద బాధితులను ఆదుకునేవారికి రక్షణగా ఉన్న మార్గదర్శకాలను సుప్రీంకోర్టు 2016లోనే తప్పనిసరి చేసింది. 2019లో మోటారు వాహనాల చట్టంలో 134ఏ సెక్షన్ చేరింది. రోడ్డు ప్రమాదం కాకపోయినా, స్పృహలేని మనిషికి మేలు చేయాలని సదుద్దేశంతో చేసిన పనికి భారతీయ న్యాయ సంహిత 30వ సెక్షన్ రక్షణ ఇస్తుంది.

‘నొక్కితే ఎముక విరిగితే?’ అనేది రెండో భయం. విరగొచ్చు. విరిగిన ఎముక అతుక్కుంటుంది, ఆగిన గుండెను అలాగే వదిలేస్తే ప్రాణం దక్కదు. పడిపోయింది ఆడమనిషైతే తాకడానికి వెనుకాడతాం. బట్టలు తీయాల్సిన పని లేదు, పైనుంచే నొక్కవచ్చు. ఇక ‘ఇంతమంది ఉన్నారు, ఎవరో ఒకరు చూసుకుంటారు’ అనుకోవడం అన్నిటికన్నా ప్రమాదం. అందరూ అలాగే అనుకుంటారు.

జమ్మలమడుగు మిషన్ ఆసుపత్రిలో వైద్యుడిగా పనిచేసి, పులివెందులలో ఆసుపత్రి పెట్టిన వై.ఎస్. రాజశేఖరరెడ్డి ముఖ్యమంత్రిగా ఉండగా 2005 ఆగస్టు 15న 108 సేవలు మొదలయ్యాయి. ఎన్నో ప్రాణాలను నిలిపిన సేవ అది. కానీ గండికోటలో ఎవరైనా పడిపోతే, జమ్మలమడుగు నుంచి సుమారు 15 కిలోమీటర్ల దారి. గుండె ఆగిన నాలుగైదు నిమిషాల్లోనే మెదడు దెబ్బతినడం మొదలవుతుంది. సీపీఆర్ అందకుండా గడిచే ప్రతి నిమిషానికీ బతికే అవకాశం 7 నుంచి 10 శాతం తగ్గుతుంది. ఎంత వేగంగా వచ్చినా అంబులెన్స్ ఆ లోటును పూడ్చలేదు.

చేయాల్సింది కష్టమేమీ కాదు. భుజం తట్టి పిలవండి. పలకకుండా ఉండి, ఊపిరి లేకపోయినా, ఆగి ఆగి ఎగశ్వాస తీస్తున్నా గుండె ఆగిందనే అనుకోండి. ఒకరిని చూపించి ‘మీరు 108కి ఫోన్ చేయండి’ అని చెప్పండి. మంచం మీద కాకుండా గట్టి నేల మీద వెల్లకిలా పడుకోబెట్టండి. ఛాతీ మధ్యలో చేతి మీద చేయి వేసి, మోచేతులు వంచకుండా 5-6 సెంటీమీటర్ల లోతుకు, నిమిషానికి 100 నుంచి 120 సార్లు నొక్కండి. ప్రతిసారీ ఛాతీ పూర్తిగా పైకి లేవనివ్వండి. అలసిపోతే రెండు నిమిషాలకొకసారి మరొకరికి అప్పగించండి. పెద్దవారికి నోటి శ్వాస ఇవ్వకపోయినా ఫరవాలేదు. పిల్లలకూ, నీట మునిగినవారికీ అదీ అవసరం. అందుకే శిక్షణ తీసుకోవాలి.

డెన్మార్క్‌లో 2005 నుంచి బడుల్లో దీన్ని తప్పనిసరిగా నేర్పుతున్నారు. అక్కడ 2001లో పక్కనున్నవారు సీపీఆర్ చేసిన సందర్భాలు సుమారు 21 శాతం ఉంటే, 2010 నాటికి 45 శాతానికి చేరాయి. అదే కాలంలో నెల రోజులు దాటి బతికినవారి శాతం మూడు రెట్లయింది. మన జూనియర్ కాలేజీల్లో, వ్యాపారుల సంఘాల్లో, అపార్ట్‌మెంట్లలో ఏడాదికొక పూట కేటాయిస్తే మనకు మాత్రం ఎందుకు రాదు?

చివరిగా ఒక్క మాట. గుండె ఆగడం ఎక్కువగా జరిగేది బజారులో కాదు, ఇంట్లో. ఏ అర్ధరాత్రో నాయన కూలబడితే పక్కన జనం ఉండరు, ‘ఎవరో ఒకరు’ ఉండరు. మీరే ఉంటారు. ఆ రోజు మీ చేతులకు పని తెలిసుండాలి.