తీసేసిన పాఠాన్ని తిరిగి చేర్చాలి

టెర్రీ ప్రాచెట్ 1992లో రాసిన ‘స్మాల్ గాడ్స్’ నవలలో ఆమ్నియా అనే దేశం ఉంది. ఆ నవలలోని లోకం పళ్లెంలా బల్లపరుపుగా ఉంటుంది. దాన్ని నాలుగు ఏనుగులు మోస్తాయి, ఏనుగులను ఓ మహాకూర్మం మోస్తుంది. ఆమ్నియా మతాధికారులు మాత్రం లోకం గోళమేనని శాసించారు. కాదని తాబేలు మాట ఎత్తితే చిత్రహింసలే. భూమి సూర్యుడి చుట్టూ తిరుగుతుందన్నందుకు 1633లో రోమ్‌లో గెలీలియోకు జరిగినదాన్ని ప్రాచెట్ తిరగేసి చెప్పాడు. ఇందులో లోతైన సంగతి ఒకటుంది. లోకం గుండ్రంగా ఉందన్న మాట మన దగ్గర నిజం, అక్కడ అబద్ధం. అయినా రెండుచోట్లా జరిగిన నేరం ఒక్కటే. కళ్లతో చూసి, లెక్కకట్టి, నిలదీసి అడిగే హక్కును మనిషి నుంచి లాక్కోవడం.

ఈ నేరం మతం ఒక్కటే చేస్తుందనుకుంటే పొరపాటు. సోవియట్ యూనియన్‌లో సైన్సును సైన్సు పేరుతోనే అణిచారు. పంట మొక్కల పుట్టిళ్లు వెతుకుతూ దేశదేశాలు తిరిగి, లెనిన్‌గ్రాడ్‌లో అపారమైన విత్తన నిధిని కూడబెట్టిన నికొలాయ్ వావిలోవ్‌ను 1940లో అరెస్టు చేశారు. ఆయన జన్యుశాస్త్రం వైపు నిలిచాడు, దాన్ని తోసిపుచ్చిన వ్యవసాయ శాస్త్రవేత్త లైసెంకోకు స్టాలిన్ అండ ఉంది. వావిలోవ్ జైల్లో ఉండగా నాజీ సేనలు లెనిన్‌గ్రాడ్‌ను ముట్టడించాయి. ఆయన సహచరులు అక్కడి విత్తనాలకు కాపలా కాస్తూ, ఒక్క గింజ నోట వేసుకోకుండా ఆకలితో ఒక్కొక్కరే ప్రాణాలు విడిచారు. వరి సేకరణను చూసే ద్మిత్రి ఇవనోవ్ చనిపోయింది వరి పొట్లాల మధ్యనే. వావిలోవ్ కూడా 1943 జనవరిలో సరాతోవ్ జైల్లో తిండిలేక చిక్కిశల్యమై కన్నుమూశాడు. కోట్లమందికి తిండి పెట్టాలని తపించినవాడికి ఆ గతి పట్టింది. 1948 ఆగస్టు నాటికి జన్యుశాస్త్రం అధికారికంగా నిషిద్ధం. పాఠాలు మారాయి, ఉద్యోగాలు ఊడాయి. 1964లో క్రుశ్చేవ్ గద్దె దిగాక గానీ లైసెంకో పట్టు సడలలేదు. ఈలోగా ఒక తరం శాస్త్రవేత్తలు నష్టపోయారు.

మన దేశంలో అలాంటి జైళ్లు లేవు, ఆ పోలిక తేవడం అన్యాయం. కానీ ఒక సిద్ధాంతాన్ని పిల్లల కంటబడకుండా చేయడానికి జైలు అక్కర్లేదు, పుస్తకంలో నాలుగు పేజీలు కత్తిరిస్తే చాలు. కోవిడ్ తర్వాత విద్యార్థులపై భారం తగ్గిస్తున్నామంటూ, జాతీయ పాఠ్యపుస్తకాలు రూపొందించే ఎన్‌సీఈఆర్‌టీ చేసింది అదే. పదో తరగతి సైన్సు పుస్తకంలో ‘అనువంశికత, పరిణామం’ అన్న అధ్యాయం 2023 నాటికి ఉత్త ‘అనువంశికత’గా మిగిలింది. మూలకాల వర్గీకరణ పాఠాన్నీ తీసేశారు. 1,800 మందికి పైగా శాస్త్రవేత్తలు, ఉపాధ్యాయులు బహిరంగ లేఖ రాసినా నిర్ణయం మారలేదు. 2018లో ఓ కేంద్ర సహాయమంత్రి డార్విన్ సిద్ధాంతం తప్పని, పాఠాల్లోంచి తొలగించాలని అన్న మాట జనం మరిచిపోలేదు. అప్పుడు మూడు జాతీయ సైన్సు అకాడమీలు కలిసి ఖండించాయి. ఆ జ్ఞాపకం ఉన్నవారికి ఈ కత్తిరింపు కేవలం భారం తగ్గింపు అని నచ్చజెప్పడం కష్టం.

పన్నెండో తరగతిలో పరిణామ పాఠం ఉంది కదా అన్నది ఎన్‌సీఈఆర్‌టీ జవాబు. ఉంది, జీవశాస్త్రం తీసుకున్నవాళ్లకు. పది తర్వాత ఎంపీసీకో, సీఈసీకో, పాలిటెక్నిక్‌కో, ఐటీఐకో వెళ్లే పిల్లల మాటేమిటి? చదువు ఆపి పొలానికి వెళ్లే పిల్లల మాటేమిటి?

ఆ పొలంలోనే పరిణామం కళ్లెదుట జరుగుతోంది. పురుగును చంపే విషాన్ని మొక్కే తయారుచేసుకునే బీటీ పత్తికి మన దేశంలో 2002లో అనుమతి వచ్చింది. 2010 నాటికే గుజరాత్‌లో గులాబీ రంగు పురుగు దానికి తట్టుకున్నట్టు తేలింది. ఆ తర్వాత రెండో తరం బీటీ పత్తి అయిన బీజీ-2 కూడా ఆ పురుగును ఆపలేకపోయింది. తెలుగు నేల మీద పత్తి రైతుకు ఈ పురుగు చేసిన నష్టం కొత్తగా చెప్పక్కర్లేదు. కాయ బయటికి పచ్చగా నిగనిగలాడుతుంది, విప్పి చూస్తే లోపల గింజ తొలిచి, దూది రంగు మారి ఉంటుంది. విషానికి తట్టుకున్న పురుగులే బతికి, వాటి సంతానమే పెరిగిపోవడం డార్విన్ చెప్పిన ప్రకృతి వరణం తప్ప మరేమీ కాదు. ఒకప్పుడు బీటీ విత్తనంతోపాటు 120 గ్రాముల నాన్ బీటీ పొట్లం ఇచ్చి గట్ల వెంబడి వేయమన్నది అందుకే. ఆ వరుసల్లో మామూలు పురుగులు బతికి, తట్టుకున్నవాటితో జతకడితే తట్టుకునే గుణం పలచబడుతుంది. ఎందుకు వేయాలో ఎవరూ చెప్పకపోతే రైతు దాన్ని పక్కన పడేయక ఏం చేస్తాడు? ఆ ‘ఎందుకు’ను అర్థం చేసుకోగల వయసు పదిహేనేళ్లు. సరిగ్గా ఆ వయసులో ఆ పాఠాన్ని తీసేశాం.

శాస్త్రీయ దృక్పథాన్ని పెంపొందించుకోవడం ప్రతి పౌరుడి విధి అని రాజ్యాంగంలోని 51ఏ(హెచ్) చెబుతోంది. విధి పౌరుడిదైనప్పుడు ఆ చదువు అందించే పూచీ ప్రభుత్వానిది. ఎన్‌సీఈఆర్‌టీ పరిణామ పాఠాన్ని పదో తరగతిలో తిరిగి చేర్చాలి. ఆ పుస్తకాలనే అనుసరిస్తున్న ఆంధ్రప్రదేశ్ అందాకా ఆగనవసరం లేదు. పదిహేను పేజీల అనుబంధ పాఠం అచ్చువేసి ఈ విద్యాసంవత్సరంలోనే బడులకు పంపవచ్చు. అందులో డార్విన్ చూసిన గాలపాగోస్ ఫించ్ పిట్టల పక్కన గులాబీ రంగు పురుగు బొమ్మ కూడా ఉండాలి. పబ్లిక్ పరీక్షలో దాని మీద ప్రశ్న కూడా ఉండాలి, లేకపోతే మన బడుల్లో ఆ పేజీలు ఎవరూ తెరవరు.